మూడో సొరంగంలో ముప్పై ఒకటి

ఏప్రిల్ 2

ఈ రోజు ఆ పెట్టె తొంభై నాలుగు సార్లు వచ్చింది. కోపం పట్టలేక లెక్కపెట్టాను. ‘మీ కావలి అనుమతి ముగిసింది, వెంటనే పొడిగించుకోండి’ అని ఎర్ర అక్షరాలతో తెర నడిమధ్యకు వచ్చి కూర్చుంటుంది. అది పోయేదాకా వెనకున్న అంకెలు కనిపించవు. ఆ అంకెలు చూడటమే నా పని. ఏ సొరంగంలో ఎంత వేడి ఉంది, ఏ పంఖా ఎంత వేగంగా తిరుగుతోంది, పైనుంచి ఎంత గాలి దిగుతోంది. పొద్దున ఆరు నుంచి సాయంత్రం ఆరు దాకా గాలి గదిలో కూర్చుని ఇవే చూస్తాను, చూసింది ఈ పుస్తకంలో రాస్తాను. ఈ పాత నాపరాయి గనిలో పదకొండు వందల నలభై మందిమి బతుకుతున్నాం. పైన ఎండ అప్పుడే యాభై డిగ్రీలు దాటింది. పంఖాలు ఆగితే మాకు వేరే దారి లేదు.

కావలి అంటే మా యంత్రాల్లోకి చెడ్డ ప్రోగ్రాములు దూరకుండా కాసే ప్రోగ్రాము. పై ఊళ్ళలో యాంటీవైరస్ అంటారు. దాని కంపెనీ ఈ ఏడు ధర రెట్టింపు చేసి, కట్టేదాకా ఈ ఎర్ర పెట్టెతో నా కళ్ళు పొడుస్తోంది. సంఘం పెద్ద చెన్నకేశవులన్నను అడిగితే వచ్చే సమావేశంలో చూద్దామన్నాడు. పోయిన సమావేశంలోనూ అదే మాట. ఆయన ఒక్క రోజు ఈ కుర్చీలో కూర్చుంటే తెలుస్తుంది.

ఏప్రిల్ 5

మద్దిలేటి పని సాధించాడు. మద్దిలేటి మా పంఖాలు బాగుచేసే మనిషి. పదేళ్ళుగా ఇద్దరం కలిసి పనిచేస్తున్నాం. చెవి ఆనించి పంఖాలో ఏ బేరింగు పోయిందో చెప్పగలడు. తెల్లవారకముందే పైకి వెళ్ళి, సిగ్నల్ బాగా అందే టవర్ దగ్గర కూర్చుని, ఎక్కడో ఒక సైట్ నుంచి అదే కంపెనీ కావలిని దించుకొచ్చాడు. ‘పూర్తి రక్షణ, తాళం తీసినది, జీవితాంతం ఉచితం’ అని ఉందట. కింద వందలమంది వాడి చూశామనీ, అద్భుతంగా ఉందనీ రాశారట.

వేసేటప్పుడు అది రెండు అడిగింది. ముందు పాత కావలిని పూర్తిగా ఆపమంది. తర్వాత అన్ని యంత్రాల మీదా పూర్తి అధికారం కావాలంది. రెండింటికీ గాలి గది బాధ్యురాలి బొటనవేలు పడాలి. అంటే నాది. కావలిని ఆపమని అడిగే కావలి ఏమిటని ఒకసారి అడిగాను. రెండూ ఉంటే ఒకదాన్నొకటి దొంగ అనుకుంటాయంట అక్కా, అక్కడ రాసి ఉందన్నాడు. చెన్నకేశవులన్నకు చెప్పావా అంటే, ఏదో ఒకటి చేయమన్నాడు, ఏం చేయాలో చెప్పలేదన్నాడు.

వేలు పెట్టాను. ఎర్ర పెట్టె పోయింది. తెర మూలన పచ్చటి గుర్తు వచ్చి కూర్చుంది. ఎన్ని రోజుల తర్వాతో అంకెలన్నీ ఒక్కసారిగా కనిపించాయి. ఆ కంపెనీని ఓడించినంత సంతోషం వేసింది. రాయకూడదు గానీ రాస్తున్నాను, ఎలాగూ ఈ పుస్తకం ఎవరూ చదవరు.

ఏప్రిల్ 11

వడపోత జల్లెడలు కడిగించాను. నాలుగు బకెట్ల ఎర్రదుమ్ము వచ్చింది. రెండో సొరంగం పంఖా వేగం పెంచమని మీట నొక్కితే ఎనిమిది సెకన్ల తర్వాత కదిలింది. మద్దిలేటి మీద అరిచాను. బెల్టులు బాగానే ఉన్నాయి, యంత్రమే మెల్లగా వింటోందన్నాడు.

మధ్యాహ్నం ఓబులమ్మక్క వచ్చింది. మూడో సొరంగంలో ఉమ్మడి వంటశాల ఆమెదే. రెండు వందల పన్నెండు మందికి పొద్దున రొట్టె, మధ్యాహ్నం సంగటి. పిండి పొద్దున కలిపితే పది గంటలకే పులిసిపోతోందని, వేడి ఎక్కువైందని చెప్పింది. తెర తిప్పి చూపించాను. మూడో సొరంగం, ముప్పై ఒకటి. పక్కన పచ్చ గుర్తు. ఆమె ఆ అంకె మీద వేలు పెట్టింది. అది తప్పు చెప్పదా అని అడిగింది. చెప్పదన్నాను.

ఏప్రిల్ 19

ఓబులమ్మక్క మళ్ళీ వచ్చింది. పిల్లలు చాపలు వదిలేసి బండల మీద పడుకుంటున్నారంది. తోడేసిన పాలు గంటలో పులిసిపోయాయంది. తెరలో ముప్పై ఒకటే ఉంది. ఆ సమయానికి నేను ఒకటో సొరంగం నీటి మోటారుతో తంటాలు పడుతున్నాను. విసుగొచ్చి, ఈ వయసులో ఆడవాళ్ళకు ఒళ్ళు అలాగే కాలుతుందక్కా, డాక్టరమ్మకు చూపించుకో అన్నాను. పక్కన ఇద్దరు మగవాళ్ళు ఉన్నారు. ఒకడు నవ్వాడు. ఆమె కొంగుతో మెడ తుడుచుకుని వెళ్ళిపోయింది.

మూడో సొరంగం: ఎనిమిదికి 31, పదికి 31, పన్నెండుకి 31, రెండుకి 31, నాలుగుకి 31.

ఏప్రిల్ 26

పైన టవర్ చూసుకునే మనిషి దిగొచ్చి పోట్లాట పెట్టుకున్నాడు. మా గని నుంచి రాత్రీ పగలూ ఏదో బయటికి పోతూనే ఉందట, సగం లైను మేమే తినేస్తున్నామట. మా దగ్గర బయటికి పంపడానికి ఏముందయ్యా, ఎర్రదుమ్మా అని తిట్టి పంపాను.

కానీ పొద్దున డ్యూటీకి వస్తూ, మూడో సొరంగం మొదట్లో పంఖాలను నడిపే కంప్యూటర్ల అలమర తలుపు మీద చెయ్యి పెడితే అట్లపెనంలా కాలింది. తెరలో మాత్రం అది ఖాళీగా ఉన్నట్టు చూపిస్తోంది. మద్దిలేటిని పిలిచి కావలితో అంతా వెతికించమన్నాను. పదకొండు సెకన్లలో నలభై యంత్రాలూ వెతికేసి ‘ఎలాంటి ప్రమాదం లేదు’ అని చూపించింది. పాత కావలికి ఈ పని రెండు గంటలు పట్టేది. కొత్తది కదక్కా, చురుగ్గా ఉందన్నాడు. నేనూ తలూపాను. సాయంత్రం సంఘంలో చెన్నకేశవులన్న మా ఇద్దరి తెలివినీ మెచ్చుకున్నాడు.

మే 3

ఓబులమ్మక్క మూడోసారి వచ్చింది. ఈసారి లోపలికి రాలేదు, గడప దగ్గరే నిలబడింది. ముఖం కందిపోయి ఉంది. ఆమె అన్న మాటలు అన్నట్టే రాస్తున్నాను.

“మే ఖాజాబీ, ఆ తెర నాకు చూపీవాకు. నువ్వొచ్చి ఒక్క నిమిషం నా పొయ్యి కాడ నిలబడు. నిలబడి, అప్పుడు నాకు వయసైందని చెప్పు.”

డ్యూటీలో కుర్చీ వదలకూడదని చెప్పాను. అది నిజమే, అలాంటి నియమం ఉంది. సాయంత్రం వస్తానన్నాను. ఆరింటికి తల పగిలిపోతోంది. ఇంటికి వెళ్ళి పడుకున్నాను.

మే 6

ఇది సాయంత్రం రాస్తున్నాను.

మధ్యాహ్నం రెండుకు పది నిమిషాలు. తెరంతా పచ్చగా ఉంది. మూడో సొరంగం ముప్పై ఒకటి, పంఖాలు ఆరూ తిరుగుతున్నాయి. ఓబులమ్మక్క చెల్లెలు అచ్చమ్మ గోడ పట్టుకుని నడుస్తూ వచ్చింది. గాలి రావడం లేదు, మనుషులు పడిపోతున్నారు అంది. నేను అప్పుడు కూడా తెర వైపు చూశాను. మనిషి ఎదురుగా నిలబడి చెబుతుంటే నేను తెర వైపు చూశాను.

మూడో సొరంగం మలుపు తిరగ్గానే వేడి ముఖం మీద కొట్టింది. ఆరు పంఖాలూ కదలకుండా ఉన్నాయి. అలమర నుంచి కాలిన ప్లాస్టిక్ వాసన. మద్దిలేటి అప్పటికే అక్కడున్నాడు, గని తవ్వే రోజుల నాటి గాలి చక్రం పిడి పట్టుకుని ఒక్కడే తిప్పుతున్నాడు. అది ఇద్దరు తిప్పాల్సిన చక్రం. నేను జనాన్ని బయటికి నడిపించాను. ముసలివాళ్ళను చాపల మీద పెట్టి ఈడ్చాం. ఒకటో సొరంగం వాళ్ళు తడిగుడ్డలు, నీళ్ళు తెచ్చారు. రెండు వందల పదకొండు మందిని లెక్కపెట్టాం. మళ్ళీ లెక్కపెట్టాం.

ఓబులమ్మక్క వంటశాలలో ఉంది. పడిపోతున్నవాళ్ళను చూసి, ఉన్న గాలిని పొయ్యిలు తినేస్తాయని ఆర్పడానికి వెనక్కి వెళ్ళిందట. నాలుగు పొయ్యిల్లో మూడు నీళ్ళు పోసి ఆర్పింది. నాలుగో పొయ్యి దగ్గర, గోడకు ఆనుకుని కూర్చున్నట్టే ఉంది. బిందె పక్కన పడి ఉంది. డాక్టరమ్మ చాలాసేపు ప్రయత్నించింది.

నేను గాలి గదికి తిరిగొచ్చేసరికి తెరలో మూడో సొరంగం ముప్పై ఒకటి అని ఉంది. పక్కన పచ్చ గుర్తు ఉంది.

మే 7

తెల్లవారకముందు పైన ఓబులమ్మక్కను పూడ్చారు. నేను వెళ్ళాను. అచ్చమ్మ నన్ను చూసి ముఖం తిప్పుకుంది.

యంత్రాలన్నీ ఆపేయించాను. మూడు సొరంగాల్లోనూ చేతి చక్రాలే తిప్పుతున్నాం. ఇరవై నాలుగు మందిమి వంతులు వేసుకున్నాం. ఎవరితో మాట్లాడినా అరుస్తున్నాను. సంఘం మీద, కంపెనీ మీద, ఆ సైట్ పెట్టినవాళ్ళ మీద. నా గొంతు నాకే వినబుద్ధి కావడం లేదు.

మే 9

నంద్యాల నుంచి సుభాషిణి అనే ఆమె వచ్చింది. చెడిపోయిన యంత్రాలు విప్పి ఎలా చెడ్డాయో కనిపెట్టడమే ఆమె పని. రెండు రోజులు అలమర ముందు కూర్చుంది. ఈ రోజు నన్ను, మద్దిలేటిని, చెన్నకేశవులన్నను కూర్చోబెట్టి చెప్పింది.

మేం వేసింది కావలి కాదు. కావలి బొమ్మ అతికించిన దొంగ. పాత కావలిని ఆపమన్నది అందుకే, అది ఉంటే పట్టేసేది. లోపలికి రాగానే మా యంత్రాలను ఎవరివో లెక్కలు చేసిపెట్టడానికి అద్దెకు ఇచ్చేసింది. మూడో సొరంగం అలమర కొత్తది, బలమైనది కాబట్టి దాన్ని ఎక్కువ పీల్చింది. పని ఎక్కువై అలమర వేడెక్కితే హెచ్చరిక మోగుతుంది, మోగితే మేం ఆపేస్తాం. అందుకని హెచ్చరిక తెచ్చే ప్రతి అంకెనూ చివరి మంచి అంకె దగ్గర ఆపేసింది. అలమర వేడీ, సొరంగం వేడీ ఒకే తీగ మీద వస్తాయి. రెండూ ఆగిపోయాయి. ముప్పై ఒకటి అనేది ఏప్రిల్ ఏడో తేదీ పొద్దుటి వేడి అట. నెల రోజులుగా నేను ఆ ఒక్క పొద్దునే చూస్తున్నాను, దాన్నే గంట గంటకూ ఈ పుస్తకంలో ఎక్కిస్తున్నాను. చివరికి అలమర మాడిపోయి, పంఖాలు ఆగిపోయాయి.

మమ్మల్ని చంపాలని ఎవరు అనుకున్నారని అడిగాను. సుభాషిణి నా వైపు జాలిగా చూసింది.

“ఎవరూ అనుకోలేదండీ. మీరు ఉన్నారని కూడా వాళ్ళకు తెలీదు. వాళ్ళ జాబితాలో మీరు నలభై యంత్రాలు, అంతే.”

మనసులో పగ పెట్టుకుని చేసినా ఇంత కోపం వచ్చేది కాదేమో. ఓబులమ్మక్క పేరు కూడా తెలియనివాడు, ఈ రోజు అన్నం తిని, నిద్రపోయి, లేచి ఇంకో ఊరి యంత్రాలను లెక్కలో కలుపుకుని ఉంటాడు.

ఇంకా ఉంది. టవర్ మనిషి చెప్పిన మాట నిజమే. ఆ లెక్కలతోపాటు బయటికి పోయినవి మా వేలిముద్రలు. పదకొండు వందల నలభై మందివీ. ఇళ్ళ తలుపులు, రేషను, వైద్యం అన్నీ వేలితోనే. పాస్‌వర్డ్ పోతే మార్చుకోవచ్చు, వేలు మార్చుకోలేం కదా అని చెన్నకేశవులన్న నెమ్మదిగా అన్నాడు. సుభాషిణి అవునంది. తలుపులన్నింటికీ ఇనప తాళాలు వేసుకోవాలంది.

అనుమతి ముగిసిన ఆ పాత కావలిని ఆపకుండా వదిలేస్తే ఏమయ్యేదని అడిగాను. కొత్త దొంగలను పట్టకపోవచ్చు గానీ దీన్ని మాత్రం పట్టేదట. ఇది నాలుగేళ్ళ నాటి పాత దొంగ. అది కాక, యంత్రాలతోపాటే వచ్చే చిన్న కావలి ఒకటి మొదటి నుంచీ అందులో ఉందట. దానికి ఎవరికీ ఏమీ కట్టక్కర్లేదు. దాన్ని కూడా నా వేలే ఆపింది.

మే 10

మద్దిలేటిని చక్రం దగ్గర పట్టుకున్నాను. వంతు అయిపోయి కూర్చుని ఉన్నాడు. అరచేతులు రెండూ బొబ్బలెక్కి చితికిపోయి ఉన్నాయి. అయినా వదల్లేదు. ఎవడో రాసిన పొగడ్తలు చదివి ఊరి ప్రాణాలు వాడి చేతిలో పెట్టావన్నాను. ఆ పొగడ్తలు కూడా వాళ్ళే రాసుకున్నవని తెలియదా అన్నాను. పదేళ్ళుగా నిన్ను నమ్మానన్నాను. ఇంకా చాలా అన్నాను. చుట్టూ ఉన్నవాళ్ళు లేచి పక్కకు వెళ్ళిపోయారు. వాడు అంతా విన్నాడు.

“తెచ్చింది నేనే అక్కా. కాదనను. ఏలు మాత్రం నీదే గదా.”

కొట్టబోయాను. చెయ్యి లేచింది. ఆ చేతికి ఉన్న బొటనవేలు కనిపించింది. దించేసి వచ్చేశాను.

మే 12

కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది. మా నష్టానికి తీవ్ర సంతాపం తెలిపింది. అసలైన కావలి వాడకపోతే ఎలాంటి ప్రమాదాలు జరుగుతాయో ఒక పేజీ రాసింది. చివర, మా దుఃఖ సమయంలో తోడుగా ముప్పై రోజుల వాడకం ఉచితమట. ఆ కాగితాన్ని నలిపి, మళ్ళీ సాపు చేసి ఈ పుస్తకంలో అతికించాను. ఇది కూడా ఇందులో ఉండాలి.

సాయంత్రం చెన్నకేశవులన్న గాలి గదికి వచ్చాడు. తలుపు వేసి కూర్చున్నాడు. మనిషి నెలలో పదేళ్ళు పెద్దవాడైపోయాడు. దొంగ కావలి వేసుకున్నామని పైకి తెలిస్తే కంపెనీ మమ్మల్ని శాశ్వతంగా జాబితాలోంచి తీసేస్తుందన్నాడు. అలమరలూ వాళ్ళవే కాబట్టి కొత్తది కూడా ఇవ్వరన్నాడు. అసలు ఎండలు ఇంకా ముందున్నాయన్నాడు. అన్నీ నిజాలే.

“అలమర పాతదై కాలిపోయిందని రాయి తల్లీ. ముందు పేజీలు తీసేయి. పోయిన మనిషి ఎట్లా తిరిగి రాదు.”

“అలమర కొత్తదన్నా. పాతదని రాస్తే ఇంకో అబద్ధం అయితాది.”

“నీ పేరు కూడా ఉంది అందులో. అది చూసుకో.”

“చూసుకునే చెప్తన్నా.”

ఆయన పుస్తకం వైపు చూశాడు. లాక్కుంటాడేమో అనుకున్నాను. లాక్కోలేదు. ఏప్రిల్‌లో నేను అడిగినప్పుడే సమావేశం పెట్టి ఉంటే ఇక్కడ కూర్చునేవాళ్ళం కాదని చెప్పాను. తెలుసన్నాడు. నిద్ర పట్టడం లేదన్నాడు. నాకు జాలి కలగలేదు. ఓబులమ్మక్కకు వయసైందని నేనన్నప్పుడు నాకూ ఎవరి మీదా జాలి లేదు.

మే 14

ఒకటో సొరంగంలో అందరూ కూడారు. నేను ఈ పుస్తకం తీసి ఏప్రిల్ రెండు నుంచి చదివాను. మద్దిలేటి దించుకొచ్చింది, నేను వేలు పెట్టింది, సంతోషించింది, పదకొండు సెకన్ల పరీక్ష, టవర్ మనిషిని తిట్టింది. ఓబులమ్మక్కకు వయసైందని నేనన్న మాటా చదివాను. ఆరోజు నవ్వినవాడు గుంపులోనే ఉన్నాడు, తల వంచుకున్నాడు. చెన్నకేశవులన్న పేజీలు తీయమన్నది కూడా చదివాను. ఆయన లేచి, అన్నానని ఒప్పుకుని కూర్చున్నాడు.

ఎవరో కేకలు వేశారు. ఎవరో ఏడ్చారు. అచ్చమ్మ లేచాక అందరూ ఆగారు.

“మా అక్క మూడు తూర్లు వచ్చింది నీ కాడికి. మూడు తూర్లూ రాసుకున్నావు. తేదీతో సహా రాసుకున్నావు. నాలుగు వందల అడుగుల దూరం గదా, ఒక్క తూరి రాలేకపోయినావు.”

క్షమించమని అడగాలని వెళ్ళాను, అడగలేదు. అడిగి ఉంటే ఆమెకు ఇంకో భారం అయ్యేది. క్షమించాలా వద్దా అని ఆమె ఆలోచించాల్సి వచ్చేది.

నిర్ణయాలు తొందరగానే అయిపోయాయి. అందరి ఎదుట చర్చించకుండా యంత్రాల్లో ఏదీ వేయకూడదు, ఏదీ ఆపకూడదు. యంత్రాలతో వచ్చిన చిన్న కావలిని సుభాషిణి తిరిగి నిలబెడుతుంది. జరిగింది జరిగినట్టు పై ఊళ్ళన్నింటికీ రాస్తాం, వాళ్ళలో ఎవరైనా ఇదే దించుకుని ఉంటే ఇప్పుడైనా తీసేస్తారు. కంపెనీ ఏం చేస్తే అది చేయనీ. చెన్నకేశవులన్న పెద్దరికం వదులుకున్నాడు. గాలి గది నుంచి నన్ను తీసేశారు. ఒక్కరూ వద్దనలేదు. నేనూ చెయ్యెత్తాను.

మే 17

ఇది గాలి గది పుస్తకం కాదు. ఆ పుస్తకాన్ని నిన్న అచ్చమ్మకు అప్పగించాను. ఇది విడి కాగితం, నాకోసం రాసుకుంటున్నాను.

మా ఉత్తరానికి పై ఊళ్ళ నుంచి జవాబులు వచ్చాయట. రెండు ఊళ్ళలో అదే దొంగ కావలి దొరికింది. ఒక చోట ఆసుపత్రిలో ఉంది. తీసేశారు. వాళ్ళ దగ్గర ఇంకా ఎవరూ పోలేదు. ఈ మాట విన్నప్పుడు కొంచెం ఊరట కలగాలి. నాకు మాత్రం మళ్ళీ కోపమే వచ్చింది. అంత తేలిగ్గా తీసేయగలిగేదా అది.

కొత్త అలమర ఎప్పుడొస్తుందో తెలియదు. మూడో సొరంగం చక్రం దగ్గర నా వంతు ఒంటి గంట నుంచి మూడు దాకా. అన్నిటికన్నా వేడి గంటలు అవే, అడిగి తీసుకున్నాను. దానికి రెండు పిడులు. రెండోది మద్దిలేటిది. వాడూ అడిగే తీసుకున్నాడట. చేతులకు గుడ్డలు చుట్టుకుని వచ్చాడు. మేం మాట్లాడుకోవడం లేదు. ఒకరు ఆగితే బరువంతా రెండోవారి మీద పడుతుంది, అందుకని ఇద్దరం ఆగడం లేదు.